ఎదురునాదం

పుంగనూరు పెళ్ళిలో అందరికంటే ముందు చచ్చినవాడు గురప్ప. పుట్టు చెవిటి. ఆ తర్వాత చెవుల్లో వేళ్ళు పెట్టుకున్నవాళ్ళు వరసగా పడ్డారు. శుభ్రంగా మేళం వింటూ పప్పన్నం తిన్నవాళ్ళకు మాత్రం కాస్త తలనొప్పి, అంతే. చెడు వినకూడదన్న బుద్ధిమంతులకే నూకలు చెల్లాయి.

"దీని పేరు ఎదురునాదం," అన్నాడు చీఫ్ రాజగోపాల్.

1998. మదనపల్లె టమాటా మార్కెట్ యార్డులో ఖాళీ క్రేట్ల వెనక బ్రీఫింగ్. ఎదురుగా లారీ క్లీనర్ వేషంలో ఏజెంట్ ప్రతాప్.

"ఈ నాదం పుట్టించే పెట్టె దగ్గరున్నవాడికి వినిపించదు. దూరం పారిపోయినవాణ్ణి చంపుతుంది. చెవులు మూస్తే ఇంకా తొందరగా చంపుతుంది. హెల్గర్ అనే విదేశీ ఏజెంటు కోలారులో రహస్యంగా చేయించాడు. ఈ మధ్యాహ్నం కుప్పం స్టేషన్లో, బెంగుళూరు రైలు మీద టెస్ట్."

"పగలగొడితే?"

"ఇంకా చెలరేగుతుంది. మనిషి గొంతుకే లొంగుతుంది. ఒక మాటకు పెరుగుతుంది, ఒక మాటకు ఆగుతుంది. ఆ మాటలు నవనీత పట్టుకోవాలి."

నవనీత! హెల్గర్‌కు సెక్రటరీ, మనకు ఏజెంటు. ఈ మిషన్ కాగానే ప్రతాప్‌కు పెళ్ళాం కావాల్సిన మనిషి.

"ఆమె మన వైపేనా సార్?"

"రెండు పడవల మీద కాళ్ళు. అనుమానమొస్తే షూట్ చెయ్."

కుప్పం ప్లాట్‌ఫారం మీద ప్రతాప్ ఎర్ర చొక్కా కూలీ అయ్యాడు. చేతి గడియారంలో నాదాన్ని కొలిచే ముల్లు. బెంచీ మీద హెల్గర్, పక్కన నల్ల సూట్‌కేసు. నవనీత నెమలి రంగు పట్టుచీరలో, కూలింగ్ గ్లాసుల్లో, కూలీని పిలవడానికి వచ్చినట్టు వచ్చింది.

"టమాటా కాయా, పండా?"

"దోర," అన్నాడు ప్రతాప్. కోడ్ సరిపోయింది.

"మాట దొరికినాది. వాడు సూస్తాండాడు, ఇప్పుడు చెప్పలేను. నన్ను నమ్ము."

"నమ్మకుంటే యాల వస్తానే?" అన్నాడు. మనసులో మాత్రం చీఫ్ మాట ముల్లులా గుచ్చుతూనే ఉంది.

రైలు కూత వినిపించింది. హెల్గర్ స్విచ్ నొక్కాడు. ప్రతాప్ చేతిలో సైలెన్సర్ పిస్తోలు దగ్గినట్టయింది. హెల్గర్ నవ్వు మొహంతోనే ఒరిగాడు. కానీ ముల్లు ఎర్ర గీత దాటింది. ప్లాట్‌ఫారం చివర శెనక్కాయలమ్మే వసంతమ్మ చెవులు గట్టిగా మూసుకుంది. ఆ మూయడమే ఆమె ప్రాణం తీసింది. వేళ్ళ సందుల్లోంచి రక్తం కారుతుండగా బుట్ట మీదే కూలిపోయింది. పెట్టె దగ్గర మాత్రం చీమ చిటుక్కుమనలేదు.

నవనీత సూట్‌కేసు వైపు పరిగెత్తుతూ అరిచింది.

"సాకు!"

ప్రతాప్‌ది కురబలకోట. గొర్రెల్ని సాకిన ఇంట్లో పుట్టినవాడు. గొర్రెను సాకు, కుక్కను సాకు, బిడ్డను సాకు అని వింటూ పెరిగినవాడు. నాదాన్ని సాకమంటోంది! పెంచమంటోంది! పిస్తోలు ఆమె వైపు తిప్పాడు.

"దేన్నే సాకమంటాండావు, పాపిష్టిదానా!"

కాల్చాడు.

ఆమె సూట్‌కేసు మీద పడింది. అతని వైపు చూడనైనా చూడలేదు. నోరు పెట్టెకు ఆనించి, మిగిలిన ఊపిరంతా కూడగట్టి మళ్ళీ అంది: "సాకు..."

ముల్లు సున్నాకు పడిపోయింది. రైలు వచ్చి ఆగింది. జనం సుఖంగా దిగి టీ ఎక్కడని అడుగుతున్నారు.

బెంచీ చాటునుంచి లేచాడు పోర్టరు మునికృష్ణ. "ఆయమ్మ సాకు సాకు అనె కదప్పా. యాల కాలిస్తివి?"

"పెంచమనింది. అందుకే."

"పెంచమనా? నువ్వు మదనపల్లె తట్టు మనిషివా? ఈడ సగం ఇండ్లల్లో కన్నడమప్పా. కన్నడంలో సాకు అంటే 'చాలు' అని, ఆపమని."

ప్రతాప్ ఆమె తల ఒళ్ళో పెట్టుకుని పసిబిడ్డలా ఏడ్చాడు. ఏడ్చి ఏం లాభం? చెయ్యాల్సిందంతా చేతులారా చేశాడు. జేబులో వైర్‌లెస్ మోగింది.

"రైలు?" అన్నాడు చీఫ్.

"సేఫ్ సార్."

"నవనీత?"

జరిగిందంతా దాచకుండా చెప్పాడు. అవతల రాజగోపాల్ గొంతు సవరించుకున్నాడు.

"మన మనిషిని మనమే చంపామని ఢిల్లీకి ఎలా చెప్తామయ్యా? రిపోర్టులో ఏదో ఒక సాకు రాయి."