వచ్చే కుట్టు

రామేశ్వరి బడి నుంచి వచ్చేసరికి తమ ఇంటి అరుగు మీద సుంకులమ్మ అవ్వ కూర్చుని ఉంది.

పలక చంకలో పెట్టుకుని రామేశ్వరి అలాగే నిలబడిపోయింది. పక్కింటి సుంకులమ్మ అవ్వ ఇప్పుడు ఊళ్లో ఉండవలసిన మనిషి కాదు మరి. నాలుగు రోజుల కిందటే కొడుకు ఉరుకుందప్ప, కోడలు, చిన్న మనవడు తిమ్మయ్యతో కలిసి కోసిగిలో రైలెక్కడానికి పోయింది. ఆ ఏడు వానల్లేవు, చేలల్లో పని లేదు. రాయచూరు దిక్కున కాలువ తవ్వే పనికి ఊళ్లో సగం మంది పోతున్నారు. రామేశ్వరి నాయన కూడా ముందే పోయాడు.

"ఏమవ్వా, పోలేదా?"

"పోయినా పాపా. స్టేషను దాకా పోయినా."

అవ్వ ఒళ్లో ఒక సంచి ఉంది. రామేశ్వరి వాళ్ల ఇంట్లో కుట్టిన సంచే.

రామేశ్వరి అమ్మ సోమక్క పాత గోనెపట్టలు, చిరిగిన బండి టార్పాలిన్లు తెచ్చి, పెద్ద దబ్బనంతో, పురికొసతో సంచులు కుట్టేది. పనికి పోయేవాళ్లు వాటిలో జొన్నలు నింపుకుని పోయేవారు. కూలి చేతికొచ్చేదాకా తినేవి ఆ గింజలే. సోమక్క కుట్టిన సంచి మోసే మనిషికంటే గట్టిదని ఊళ్లో చెప్పుకునేవారు.

సోమక్క చెంబుతో నీళ్లు తెచ్చిచ్చింది. అవ్వ తాగి, చెంబు పక్కన పెట్టి చెప్పింది.

"రైలొచ్చె. ఒకటే జనం. మావోడు పెండ్లాన్ని, పిల్లోన్ని లోపలికి తోసి వాడూ ఎక్కినాడు. నేను సంచి నెత్తిన పెట్టుకోని మెట్టు మీద కాలు పెట్నా. సంచి అడుగు పట్ మని పాయె. జొన్నలన్నీ కింద. పిల్లోడు తినే గింజలు గదా, తొక్కుతాంటే ఎట్ల చూసేది? దిగినా. కొంగులోకి ఎత్తుకుంటాండా, ఎత్తుకుంటాండా... తలెత్తి చూస్తే రైలు కదిలిపాయె."

"ఉరుకుందప్ప దిగలేదా?"

"జనంలో ఇరుక్కున్యాడు, ఎట్ల దిగుతాడు? రెండు దినాలు ఆడనే కూసున్యా, వాడు మళ్లొస్తాడేమోనని. రాలేదు. మేస్త్రీ లారీలో యాడికి తోలకపోయినాడో. స్టేషను మాస్టరు అన్యాడు, ఏమవ్వా, కోళ్లకేసినట్ల రైలుకు గింజలేసినావా అని." అవ్వ నవ్వబోయింది. నవ్వు సగంలోనే ఆగిపోయింది. "నేనింత ఏరుకున్యా. ఆడ వాళ్లేం తింటాండారో."

సోమక్క సంచిని తిరగేసి చూసింది. అడుగున ఒంటి దారం తెగి వేలాడుతోంది. బరువు మోసే సంచికి అడుగున రెండు కుట్లు పడాలి. ఈ చివర నుంచి ఆ చివరకు పోయే కుట్టు ఒకటి. మళ్లీ అవే బెజ్జాల్లోంచి వెనక్కి వచ్చే కుట్టు ఒకటి. ఇందులో వచ్చే కుట్టు లేదు.

సోమక్క ముఖం చిన్నబోయింది. "నా కండ్లు మసకలేస్తాండాయవ్వా. వచ్చే కుట్టు మరిచిపోయినట్లుండా. తప్పు నాదే."

"పాత గోనె. నువ్వేం చేస్తావు" అంది అవ్వ.

రామేశ్వరి పలకను ఇంకా గట్టిగా పట్టుకుంది.

ఈ సంచి కుట్టిన రోజు అమ్మ పక్కలు మాత్రం కుట్టి, అడుగులు కుట్టమని తనకిచ్చి నీళ్లకు పోయింది. బయట పిల్లలు గచ్చకాయల ఆటకు పిలుస్తున్నారు. పోయే కుట్టు మాత్రం వేసి లేచింది. కుట్టు లోపలికి పోయేలా సంచి తిరగేస్తే ఇంక ఎవరికి కనిపిస్తుంది? అమ్మ వచ్చి "అయిపాయనా?" అంది. "అయిపాయె" అంది తను. కూతురి మాట నమ్మి అమ్మ మళ్లీ చూడలేదు.

అవ్వ కొంగుముడి విప్పి జొన్నలు చాటలో పోసింది. నాలుగు దోసిళ్లుంటాయేమో. అందులో ఇసుక, రైలు బొగ్గు నలుసులు. ఒక్కొక్కటే ఏరసాగింది.

"ఇవి తిననులే. తిమ్మయ్య వస్తే రొట్టె చేసిస్తా."

"ఎప్పుడొస్తారవ్వా?" అంది రామేశ్వరి.

"వానలు పడితే."

వానలకు ఇంకా నాలుగు నెలలుంది.

రామేశ్వరి పలక కింద పెట్టింది. "అమ్మా, ఆ అడుగు నేను కుట్టింది. వచ్చే కుట్టు ఏయలేదు. ఆటకు పోయినా."

చాటలో అవ్వ చేతులు ఆగిపోయాయి. ఆమె మెల్లగా అంది: "పిల్లోడు కిటికీలోంచి చెయ్యి జాపినాడు పాపా. ఎక్కవ్వా, ఎక్కవ్వా అని."

కొట్టినా బాగుండేదనిపించింది రామేశ్వరికి.

ఉన్నట్టుండి సోమక్కకు ఆ రోజు సంగతి గుర్తొచ్చి లేచి నిలబడింది. "ఆ పొద్దే ఇంకో సంచి అడుగు గూడ నువ్వే కుట్టినావు గదే. బొజ్జన్నది. వాళ్లు ఈ పొద్దే పోతాండారు."

రామేశ్వరి దబ్బనం, పురికొస తీసుకుని పరుగెత్తింది.

వీధి చివర బొజ్జన్న అప్పటికే ఎడ్లను బండికి కట్టాడు. సంచి నిండుగా బండి మీద ఉంది.

"మామా, ఆ సంచి దించు."

"ఏమ్మే, ఇచ్చిన సంచి మళ్లా గుంజుకుంటారా మీ ఇంట్లో?"

బండి చుట్టూ ఉన్నవాళ్లు నవ్వారు. రామేశ్వరి తల వంచుకుంది. అయినా చెప్పింది. "అడుగు నేను కుట్టినా. ఒంటి కుట్టే ఏసినా. సుంకులమ్మవ్వది అట్లనే తెగిపాయె."

నవ్వులు ఆగిపోయాయి. బొజ్జన్న భార్య గొణుక్కుంటూనే గింజలు దుప్పటిలోకి ఒంపింది. రామేశ్వరి దుమ్ములోనే కూర్చుంది. ఒక్కొక్క బెజ్జంలోంచి పురికొస లాగి బిగించింది. దబ్బనం రెండుసార్లు వేలికి దిగింది. పిల్లలు ఆటకు పిలిచారు. తలెత్తలేదు.

సంచి మళ్లీ నింపాక బొజ్జన్న ఎత్తి రెండుసార్లు ఎగరేసి చూశాడు. అడుగు కదల్లేదు.

ఈలోపు అవ్వ మెల్లగా నడిచి వచ్చింది. "బొజ్జన్నా, నన్ను గూడ మావోని దగ్గరికి తోలకపోతావా?"

"మేం పోయేది గుంటూరు దిక్కవ్వా, మిరపకాయలు తెంచేదానికి. అది ఆ పక్క, ఇది ఈ పక్క."

అవ్వ తల ఊపింది. బండి వెళ్లిపోయింది. దుమ్ము అణిగేదాకా ఆమె అటే చూసింది.

ఇంటికొచ్చాక రామేశ్వరి అవ్వ సంచిని ఒళ్లో వేసుకుంది. తెగిన దారమంతా పీకేసి, మొదటి బెజ్జం నుంచి మళ్లీ మొదలుపెట్టింది. పోయే కుట్టు అయింది. వచ్చే కుట్టు అయింది. సంచి తిరగేయకుండానే అమ్మ చేతికిచ్చింది. "చూడమ్మా." సోమక్క కుట్టు పొడవునా వేలు పెట్టి తడిమి, తల ఊపింది.

అవ్వ ఏరిన జొన్నలు అందులో పోసింది. నాలుగు దోసిళ్లు కూడా లేవు ఇప్పుడు. సంచి అడుగు సరిగ్గా నిండనే లేదు.

"ఇటియ్యి పాపా, పోతా."

"నేను తెస్తాలే అవ్వా."

ఆ సంచికి బరువే లేదు. అయినా రామేశ్వరి రెండు చేతులూ అడుగున పెట్టి పట్టుకుంది. ఒక్క గింజ రాలకుండా, అవ్వ వెనకే మెల్లగా పక్కింటి దాకా నడిచింది.