పెరగని కిట్టు

మధ్యాహ్నం షాటుకి ఇందీవర్ మోకాళ్ళ మీద నిలబడ్డాడు. ఒంటికి అతుక్కుపోయిన ఛాయాకవచం అతని ప్రతి కదలికనూ పట్టుకుంటోంది. ఎదురుగా తెరమీద మాత్రం ఆరేళ్ళ కిట్టు, బొద్దు బుగ్గలతో, అమ్మ కొంగు పట్టుకుని మారాం చేస్తున్నాడు.

ఇందీవర్‌కి యాభై రెండేళ్ళు. ఆరేళ్ళప్పుడు ఒక టీవీ సీరియల్లో కిట్టుగా నటించాడు. ఆ ముఖం, ఆ గొంతు జనానికి ఎంత నచ్చాయంటే, స్టూడియోవాళ్ళు వాటిని యంత్రంలోకి ఎక్కించి బాలఛాయగా భద్రపరిచారు. ఆ తరవాత కిట్టు పెరగలేదు. సీరియళ్ళు మారాయి, సినిమాలు వచ్చాయి, మొదటి ప్రేక్షకుల మనవలు ప్రేక్షకులయ్యారు. యంత్రం ముఖాన్ని ఇవ్వగలిగింది గానీ పిల్లవాడి అలకనూ నిద్రమత్తునూ సొంతంగా పుట్టించలేకపోయింది. వాటికి ఇందీవరే కావలసివచ్చాడు. కిట్టు లోపల నడివయసు మనిషి ఉన్నాడని తెలిస్తే జనానికి మోజు పోతుందని అతని పేరు ఎక్కడా వేయలేదు. పెద్దవాళ్ళ వేషాల కోసం అతను కొన్నాళ్ళు తిరిగాడు. నడక కూడా చిన్నపిల్లాడిలా ఉందని పంపించేశారు.

అన్నిటిలోనూ కిట్టుకి తల్లి హైమవతే. తెరమీద ఎప్పటికీ పడుచు తల్లి, బయట ఎనభయ్యో పడిలో ఉంది. నటించేటప్పుడు ఆవిడ కళ్ళకి మాయకటకాలు పెట్టుకునేది. వాటిలోంచి చూస్తే ఇందీవర్ ఉన్నచోట కిట్టే కనిపిస్తాడు. సెట్లోకి రాకముందే పెట్టుకుని, తిరిగి కారెక్కాకే తీసేది.

ఆ రోజు భోజనాల వేళ మాత్రం కళ్ళు మండుతున్నాయని తీసేసింది. ఎదురుగా ఒక బట్టతల మనిషి మోకాళ్ళు రుద్దుకుంటున్నాడు. ఆవిడ అతన్ని చాలాసేపు చూసింది.

"ఎప్పుడు నెరిసింది నాయనా గడ్డం?"

"చాలా ఏళ్ళయిందమ్మా."

పెళ్ళయిందా, పిల్లలున్నారా అని అడిగింది. లేరన్నాడు. తల్లీ తండ్రీ పోయి ఎన్నాళ్ళయిందో చెప్పాడు. ఆవిడ అతని చెంప మీద చెయ్యి వేయబోయి, సగంలో ఆపేసింది.

"నేను పెంచాననే అనుకుంటున్నా ఇన్నాళ్ళూ. నువ్వు పెద్దాడివవడం చూడనేలేదు" అంది.

తరవాతి షాటు కటకాలు లేకుండానే చేస్తానంది. కిట్టుతో అనాల్సిన మాట నోట రాలేదు. రెండోసారీ రాలేదు. చివరికి తలదించుకుని వాటిని మళ్ళీ పెట్టుకుంది. కిట్టు కనిపించగానే ఆవిడ ముఖం వెలిగింది. ఆ వెలుగుని ఇందీవర్ దగ్గరగా చూశాడు.

ఆ వానాకాలంలోనే హైమవతి గుండె ఆగి చనిపోయింది. స్టూడియో నుంచి ఇందీవర్‌కి కబురొచ్చింది: కవచం తొడుక్కోమని, కిట్టు తన తల్లిని సాగనంపుతుంటే అందరూ చూస్తారని. అతను స్టూడియోకి వెళ్ళలేదు. ఆఖరిసారైనా తన ముఖంతో ఆవిడ ముందు నిలబడాలని మణికొండలో ఆవిడ ఇంటికి వెళ్ళాడు.

హాల్లో చాప మీద ఆవిడను పడుకోబెట్టారు. కొడుకు వంశీధర్ తలదగ్గర నిలబడ్డాడు. చుట్టూ బంధువులు, అభిమానులు.

ఇందీవర్ దండం పెట్టాడు. ఆ పైన ఆపుకోలేకపోయాడు. కింది పెదవి ముందుకొచ్చి వణికింది. వెక్కిళ్ళు మొదలయ్యాయి. ముంజేత్తో ముక్కు తుడుచుకుంటూ, "లే అమ్మా... అమ్మా, లే" అన్నాడు.

హాలంతా అతనివైపు తిరిగింది. కిట్టు ఎలా ఏడుస్తాడో అక్కడ తెలియనివాళ్ళు లేరు.

శవం దగ్గర ఈ మిమిక్రీ ఏమిటని ఎవరో ఆడమనిషి గొణిగింది. ఒకాయన ఛీ అన్నాడు. వంశీధర్ వచ్చి అతని భుజం పట్టుకున్నాడు. గొంతు పెంచలేదు.

"మీరెవరో నాకు తెలీదండీ. అమ్మంటే మీకు అభిమానమే కావచ్చు. ఇక్కడ మాత్రం ఆ నటన వద్దు."

నటన కాదని చెప్పబోయాడు ఇందీవర్. వెక్కిళ్ళు తప్ప మాట బయటికి రాలేదు. వంశీధర్ ముఖంలోకి చూశాడు. ఎర్రబడ్డ కళ్ళు, బిగించిన దవడ. పెద్దవాళ్ళు అలా ఏడుస్తారు కాబోలు. తనూ అలాగే దవడ బిగించి చూశాడు. పెదవి మళ్ళీ ముందుకొచ్చింది.

రెండు చేతులతో నోరు మూసుకుని బయటికి నడిచాడు. అతను మళ్ళీ లోపలికి రాకుండా వంశీధర్ గేటుదాకా వెనకే వచ్చాడు.