గాలికి వేసిన వేటు

ఆత్మకూరు దాటాక ఉన్న పాత పప్పుమిల్లులో మధ్యాహ్నం రెండింటికి షూటింగు. పైన రేకులు ఎండకు చిటపటమంటున్నాయి. కందిపొట్టు వాసన, దాని మీద నకిలీ రక్తం కోసం కాచిన చక్కెర పాకం వాసన. ఉప్పలమ్మ చెక్క కొడవలిని ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. మనవరాలు మల్లిక పక్కన నిలబడి విసనకర్రతో విసురుతోంది.

ఉప్పలమ్మది యాభై రెండేళ్ల నటన. పదిహేనేళ్లకే ఊరూరా యక్షగానాలాడే మేళంలో మీసం పెట్టి రాక్షసుడైంది. రాజు, రంభ, ముసలి మంత్రి, ఏది ఇస్తే అది. తెలంగాణ వచ్చాక సినిమా వాళ్లకు మన యాస ఒక్కసారిగా ముద్దొచ్చి, నల్గొండకొచ్చి ఆమెను పట్టుకున్నారు. ముప్పై సినిమాల్లో అవ్వను చేశారు. ఆటల్లో వందల మందిని నరికిన మనిషి చేత తెర మీద చాయ్ గ్లాసులు మోయించారు! తెర మీద హత్య చేయడం ఇవాళే మొదటిసారి.

మేళంలో ఒక కట్టుబాటు ఉంది. వేషంలో చంపినవాళ్లు వెంటనే ఆయుధం దించకూడదు. చచ్చిన వేషగాడే లేచి, చెంబుతో నీళ్లు తెచ్చి, "నేను బతికే ఉన్న, తాగు" అనాలి. ఆ నీళ్లు తాగితేనే ఆట ముగిసినట్టు.

"నేను సంపాల్సినోడు ఏడి బిడ్డా?" అని డైరెక్టర్ వెంకటేశ్‌ను అడిగింది.

"ప్రేమ్‌సాగర్ షాట్లు నిన్ననే తీసినం అవ్వా. ఆయన హైదరాబాద్ పోయిండు. ఎదురుంగ ఉన్నడనుకొని గాలికి వెయ్యి. కంప్యూటర్ల కలుపుతం."

ఆలు లేదు, చూలు లేదు, కొడుకు పేరు సోమలింగం! చచ్చేవాడే లేకుంటే నీళ్లెవరిస్తారు? ఉప్పలమ్మకు భయమేసింది. అయినా కెమెరా తిరిగాక వెనక్కి తగ్గే రకం కాదు.

అరిచింది. వేసింది.

కొడవలి సగంలో ఆగింది... గాలిలో. లాగితే ఎముకకు గీసుకున్నట్టు గరగరమంటూ ఊడింది. ముఖం మీద వెచ్చగా ఏదో చిందింది. మళ్లీ వేసింది. మళ్లీ. ఆపుదామన్నా చెయ్యి ఆగలేదు. ఏడు వేట్లు.

"కట్! ఇరగదీసినవ్ అవ్వా!"

ముఖం తడుముకుంది. పొడిగానే ఉంది. కానీ పాకం గిన్నె మీది ఈగలన్నీ లేచి ఆ ఖాళీ జాగాలో, మనిషి మెడంత ఎత్తులో ముసిరాయి. దేని మీదో వాలినట్టు.

పిడికిలి తెరుచుకోవడం లేదు. చెయ్యి దానంతటదే లేస్తోంది... ఇంకో వేటుకు.

"ఏమైందవ్వా?" అంది మల్లిక.

"నీళ్లు... వాడు ఇయ్యాలె..."

"వాడు ఏడున్నడు ఇప్పుడు? ఆగు, నేను తెస్త."

మేళం ఆటలు ఆగిపోయాక పుట్టిన పిల్ల. కట్టుబాటు సగమే విన్నది. నీళ్లు ఎవరిస్తే వాళ్లే ఆ వేట్లకు చచ్చినవాళ్లవుతారని చెప్పబోయింది ఉప్పలమ్మ. దవడలు బిగుసుకుపోయాయి.

మల్లిక చెంబు పట్టుకొచ్చి సరిగ్గా ఆ ఈగల మధ్యే నిలబడింది.

"నేను బతికే ఉన్న అవ్వా. తాగు."

ఈగలు చెదిరిపోయాయి.

మల్లిక మెడ మీద సన్నటి ఎర్ర గీత. పక్కన రెండోది. మూడోది... ఎవరూ ముట్టలేదు. గీతలు నోళ్లలా తెరుచుకున్నాయి. రక్తం చిమ్మి కెమెరా అద్దం మీద, వెంకటేశ్ చొక్కా మీద పడింది. "మేకప్ అదిరింది" అన్నాడెవరో. తర్వాత కేకలు. గేటు వైపు పరుగులు. మెడ సగానికి పైగా తెగింది. అయినా పిల్ల పడిపోలేదు. చెంబు దించలేదు.

"తాగు..." అన్నాయి పెదవులు.

తాగితే ఆట ముగుస్తుంది. ఆట ముగిస్తే చచ్చిన వేషం లేచి నవ్వుతుంది. ఉప్పలమ్మకు తెలిసిన దారి అదొక్కటే. ఏడుస్తూ వంగి, ఎర్రబడిన ఆ నీళ్లను గుటగుటా తాగింది. పిడికిలి విడింది. కొడవలి కింద పడింది.

"బిడ్డా..." అంటూ కళ్లెత్తింది.

చెంబును మల్లిక గాజుల చేతులు రెండూ పట్టుకుని ఉన్నాయి. వాటి కింద, చెంబు అడుగున ఇంకో చెయ్యి. మగవాడిది. మోచేతికి అవతల అంతా ఖాళీ గాలే. అది చెంబును ఆమె నోటి దగ్గరకు ఇంకొంచెం ఎత్తింది.