పదకొండో గల్లీలో స్పెయిన్ నటి

మనిషి లేదు. శవం లేదు. డెత్ సర్టిఫికెట్ అంతకన్నా లేదు.

ఉన్నదల్లా ఒక కంప్లయింట్. ఇన్‌స్పెక్టర్ శైలేష్ దాన్ని మడిచి జేబులో పెట్టుకుని, ముంబయిలో తెలుగువాళ్లుండే కామాటిపుర పదకొండో గల్లీలో, వరస గదుల పాత చాల్ మెట్లెక్కాడు. తను పుట్టింది పక్క గల్లీలోనే. మోకాళ్లు సలుపుతున్నాయి. రిటైరయ్యే ముందు ఇలాంటి కేసే తగలాలా అని విసుక్కున్నాడు.

కంప్లయింట్ ఇచ్చిన పిలార్ వెనకే ఎక్కుతోంది. డెబ్బై దాటిన స్పెయిన్ ఆవిడ. కనిపించకుండా పోయింది ఆమె అక్క ఇనేస్, ఒకప్పటి సినిమా నటి.

నటి అంటే పెద్ద నటేం కాదు. స్పెయిన్‌లో మూడు సినిమాలు. ఒకదాంట్లో రెండు ముక్కలు మాట్లాడింది. ఒకదాంట్లో చచ్చిపోయింది. మూడోది విడుదలే కాలేదు. తర్వాత ఒక్క పాట కోసం బొంబాయి వచ్చింది. షూటింగ్ మధ్యలో నిర్మాత పరారయ్యాడు. మేకప్ రూములో పనిచేసే రత్నాబాయి ఆమెను తన గదికి తెచ్చుకుంది. ఇంట్లోవాళ్లకు మొహం చూపించలేక ఇనేస్ ఇక్కడే ఉండిపోయింది. ఏళ్ల తరబడి వెతికితే పిలార్‌కు ఈ అడ్రస్, ఫోన్ నంబరు దొరికాయి. తీరా వస్తే, అక్క చచ్చిపోయిందన్నారు.

గదిలో రత్నాబాయి, ఆమె కొడుకు అతుల్ నిలబడి ఉన్నారు.

"ఇనేస్ ఏది?"

"కరోనల సచ్చిపోయింది సాబ్," అంది రత్నాబాయి.

"ఏ దవాఖాన?"

"యాద్ లేదు."

"యాడ కాలవెట్టిన్రు?"

"మున్సిపాలిటీ బండి వచ్చి కొంచవోయింది. మమ్ముల రానియ్యలే."

"అతుల్, నువ్ జెప్పు."

"అమ్మ చెప్పింది గదా సాబ్. గదే." అతుల్ తల ఎత్తలేదు.

"వీళ్లే చంపేశారు! అరెస్ట్ చేయండి!" అని పిలార్ ఇంగ్లిష్‌లో అరిచింది.

రత్నాబాయి కొడుకు వెనక్కి జరిగింది. శైలేష్‌కు జాలీ వేసింది, చిరాకూ వేసింది. మర్డర్ కేసు రాస్తే రత్నాబాయి ఈ వయసులో జైల్లోనే పోతుంది.

గోడకు చేరగిలబడ్డాడు. ఎదురుగా ఫొటోలు. రత్నాబాయి భర్త. అత్త. మరిది. చివర్న, స్టూడియో లైట్ల వెలుగులో నవ్వుతూ ఇనేస్.

శైలేష్ చాలాసేపు చూశాడు.

"రత్నవ్వా, మీ ఆయనకు దండేసినవ్. అత్తకేసినవ్. మరిదికేసినవ్. అందరికి బొట్టు వెట్టినవ్. ఇనేస్‌కు ఏది?"



శైలేష్ పిలార్ వైపు తిరిగి ఇంగ్లిష్‌లో చెప్పాడు. "మా ఇళ్లలో పోయినవాళ్ల ఫొటోకే దండ వేస్తాం మేడమ్. బతికున్నవాళ్లకు వేస్తే అశుభం. మీ అక్క బతికే ఉంది."

రత్నాబాయి కూలబడింది.

"నోటితోని సంపిన బిడ్డా. దండెయ్యనీకె చేతులు రాలే. దాని ఆయుష్షు తక్కువైతదని బుగులైంది. ఈమె వస్తనని ఫోన్ జేసింది. తోల్కపోతది. ఈ వయసుల అది లేకుంట నేనెట్ల బతకాలె?"

"యాడ దాచినవ్?"

"వర్లిల, కోడలి తల్లిగారింట్ల. చెల్లె వస్తున్నదని దానికి చెప్పలే."

అతుల్ టాక్సీలో వెళ్లి తీసుకొచ్చాడు. నేత చీర, తెల్లటి ముడి. పిలార్‌ను చూసి ఇనేస్ గడపలోనే ఆగిపోయింది. అక్కాచెల్లెళ్లు ఒకర్నొకరు పట్టుకుని భోరుమన్నారు. వాళ్ల మాటల్లో మాడ్రిడ్ అన్న ఒక్క ముక్కే శైలేష్‌కు తెలిసింది. ఇనేస్ తల అడ్డంగా ఊపడం కూడా చూశాడు.

రత్నాబాయి మూలన మొహం దాచుకుని కూర్చుంది. ఇనేస్ కళ్లు తుడుచుకుని అటు తిరిగింది.

"ఏడ్సుడు బంద్ జెయ్, రత్నా. బియ్యం ఎక్కువ కడుగు. నా చెల్లె గిక్కడ్నే తింటది."