పదికి సున్నా

"జాతిబలం రెట్టింపు చేస్తే?" సుద్దముక్క పైకెత్తి అడిగింది మందాకిని.

"నూట పన్నెండు!" అంది శాల మొత్తం ఒక్క గొంతుతో.

"పుట్టుబలం తొమ్మిది కలిపితే?"

"నూట ఇరవై ఒకటి!"

"సాధనబలం ఎనభై మూడు. అందులో నాలుగో వంతు?"

ఇక్కడ గొంతులు చీలాయి. వెనక బెంచీలవాళ్ళు ఇరవై ఒకటన్నారు, ముందువాళ్ళు ఇరవై అన్నారు. మందాకిని నల్లపలక మీద జానెడేసి అంకెలతో భాగహారం వేసి చూపించింది. ఇరవై వచ్చింది, మూడు మిగిలింది.

"శేషం?"

"విడుపు!"

ఆ కేక కోసమే సగంమంది కాకినాడ తూకశాలకి వస్తారు. గణకం ఈ లెక్కంతా ఎప్పుడో చేసేసి, ఒక మూల చప్పుడు లేకుండా కూర్చుంది. కానీ జీవాల తూకం మనిషి నోటితో, పదిమంది ఎదుట జరగాలన్నది నియమం. యంత్రం చెబితే జనం గొణుగుతారు. తాము గొంతు చించుకుని చెప్పిన లెక్క మీద మాత్రం ఎవరికీ అనుమానం రాదు. తూకందారుగా మందాకిని ఇన్నేళ్ళు చేసినా, ఎక్కాలు అప్పజెబుతున్నట్టు జనం తన వెంట అంకెలు పలుకుతుంటే ఆమెకి ఒళ్ళు పులకరిస్తూనే ఉంటుంది. ఇంత హుషారైన ఉద్యోగం ఊళ్ళో ఇంకొకటి లేదని ఆమె గట్టి నమ్మకం.

లెక్క తేలింది. గాజు తాబేలు ముందు మిణుగురు పిల్లి నిలిచే అవకాశం పదికి సున్నా. పిల్లి యజమాని, తెల్లచొక్కా పెద్దమనిషి, అరచేతిలో ఇమిడే దాని గూడు మూత తీశాడు. జీవాలు కనబడటానికి కళ్ళకి పెట్టుకున్న చూపుగాజుల్లోంచి అందరూ చూస్తుండగా పిల్లి ఒకసారి ఒళ్ళు విరుచుకుని, వెలుగు రవ్వలుగా విడిపోయి తాబేలు డిప్పలోకి ఇంకిపోయింది. ఈలలు వేశారు. పెద్దమనిషి ఖాళీ గూడు జేబులో పెట్టుకుని, ఎవరి మొహమూ చూడకుండా బయటికి నడిచాడు.

ఇది క్రూరత్వమని మొదట్లో అన్నవాళ్ళున్నారు. ఫోను ఆటల్లోంచి వీధుల్లోకి వచ్చిన జీవాలు పిల్లల్ని పెట్టి, ఆ పిల్లలు మళ్ళీ పిల్లల్ని పెట్టి, ఊరి గణకాల్లో చోటుకీ కరెంటుకీ ఎసరు పెట్టాక ఆ గొంతులు సద్దుమణిగాయి. ఏటా తూకం తప్పనిసరి అయింది. జతలో బలమైనది ఉంటుంది, రెండోది కరిగి దానిలో కలుస్తుంది. ఒకప్పుడు జతని బరిలోకి దింపి నిజంగానే పోరాడించేవారట. తర్వాత తేడా కొట్టొచ్చినట్టు కనబడేలా గణకమే జతలు కట్టడం మొదలుపెట్టింది. తేలిపోయిన దానికి పోరాటం దేనికని బరిని మూసేశారు. ఇప్పుడందులో విరిగిన కుర్చీలూ, మంచినీళ్ళ క్యాన్లూ ఉన్నాయి.

"తర్వాతి జత," అని పిలిచింది మందాకిని.

ఒక నడివయసు మనిషి మెట్లెక్కి వచ్చింది. ఒంటి మీద పోర్టు వాళ్ళ నారింజ రంగు కోటు, భుజం మీద మూరెడు పొడవున రాతి ఉడుం. అది తోకని ఆమె మెడ చుట్టూ వేసి, కళ్ళు సగం మూసుకుని ఉంది.

"పేరు చెప్పండమ్మా."

"ఆయ్, నూకరత్నం అండి. పోర్టులో క్రేను నడుపుతానండి. ఇది గంగులండి."

"మీ దగ్గర ఎన్నాళ్ళ నుంచి ఉంది?"

"నా పెళ్ళికి ముందు నుంచండి. ఫోనులో ఉన్నప్పట్నుంచీ నాతోనే. మా ఆయన కంటే సీనియరండి."

జనం నవ్వారు. నూకరత్నం కూడా నవ్వింది కానీ, చెయ్యి మాత్రం ఉడుం వీపు మీదనుంచి తీయలేదు. గంగులు ఏ జతలో పడిందో ఆమెకి పొద్దున్నే తెలిసింది. అయినా ఇస్త్రీ చేసిన కోటు వేసుకుని, తల దువ్వుకుని వచ్చింది.

అటు నుంచి శేషుకుమార్ వచ్చాడు. పాతికేళ్ళుంటాయి, మనిషి బక్కపలచన. వెనక అతని ఉరుము దున్న భూపతి వస్తుంటే బెంచీల మీద జనం తమకు తెలియకుండానే వెనక్కి జరిగారు. దాని కొమ్ములు పైనున్న ఫ్యాన్లలోంచి దూరిపోతున్నాయి. ఇప్పటిదాకా దానిలో కరిగిన ఇరవై జీవాల బలం దాని మూపున కొండలా పేరుకుని ఉంది.

"ముందు గంగులు ప్రాణం," అంది మందాకిని. "జాతిబలం రెట్టింపు?"

"నూట నలభై!"

"పుట్టుబలం పదమూడు కలిపితే?"

"నూట యాభై మూడు!"

"సాధనబలం నూట యాభై ఎనిమిది. నాలుగో వంతు?"

"ముప్ఫై తొమ్మిది!" ఈసారి ఒక్కరూ తప్పు చెప్పలేదు. "శేషం విడుపు!"

"మొత్తం నూట తొంభై రెండు. దీని పరిపాకం సగానికే చేరింది కనక సగం చేస్తే?"

"తొంభై ఆరు!"

ముసలి ఉడుముకి తక్కువేం కాదు. ఎవరో చప్పట్లు కొట్టారు. దున్న ప్రాణం నూరుకి తేలింది. ఉడుంపట్టులో ఎగుడుదిగుళ్ళుండవు కనక గంగులు ప్రతి కాటుకీ దున్న ప్రాణంలో పాతిక పోతుంది. దున్న కుమ్ము అలా కాదు. మెత్తగా పడితే ముప్ఫై ఒకటి, గట్టిగా పడితే నలభై, మధ్యలో ఏదైనా పడొచ్చు. వేగంలో గంగులు ఒక్క అంకె పైన ఉంది కాబట్టి మొదటి కాటు దానిదే.

"దున్న పడాలంటే ఎన్ని కాట్లు?"

"నాలుగు!"

"గంగులు పడాలంటే ఎన్ని కుమ్ములు?"

"మూడు!"

"నాలుగో కాటుకి ముందే మూడో కుమ్ము వచ్చేస్తుంది. అయితే గంగులుకి అవకాశం?"

"పదికి సున్నా!"

మందాకిని సున్నా చుట్టడానికి చెయ్యెత్తింది. ఎత్తిన చెయ్యి అక్కడే ఆగిపోయింది. ముప్ఫై ఒకటి మూళ్ళు తొంభై మూడు. గంగులు ప్రాణం తొంభై ఆరు.

మళ్ళీ వేసుకుంది. మూడు కుమ్ములూ మెత్తగా పడి, మూడూ కలిపి తొంభై అయిదు దాటకపోతే గంగులు చావదు. అప్పుడు నాలుగో కాటు పడుతుంది, దున్న కూలుతుంది. పలక మూల చిన్న అంకెలతో గబగబా లెక్కగట్టింది. ఒక్కో కుమ్ము పడే తీరులు పది, మూడింటికీ కలిపి వెయ్యి. వాటిలో పదింట గంగులు బతుకుతుంది. నూటికి ఒకటి. దాన్ని పదికి కుదిస్తే సున్నా వస్తుంది, కాస్తంత మిగులుతుంది.

ఆమె గుండె దడదడా కొట్టుకోసాగింది. ఇది భయం కాదు, సంతోషమని ఆమెకే ఆశ్చర్యంగా తెలిసింది. ఇంత అందమైన లెక్క తన పలక మీదకి ఎన్నడూ రాలేదు.

"శేషం విడుపు!" అని జనం అప్పుడే అందుకున్నారు. "శేషం విడుపు!"

బలాల లెక్కలో శేషం వదిలేయాలన్నది ఆట పుట్టిన నాటి నియమం. అవకాశాల లెక్కలో వదిలేయమని ఎక్కడా లేదు. పొద్దున్నుంచి సాయంత్రం దాకా విడుపు విడుపు అని అరిచి అరిచి, నోటికి అలవాటైపోయి, చివరి గీత దగ్గర కూడా అదే అనేస్తున్నారు. తనూ అంటోంది. వినీ వినీ గణకం కూడా అదే నేర్చుకుంది. ఎన్ని సున్నాలు ఇలా చుట్టిందో తలచుకోవడానికి మందాకినికి ధైర్యం చాలలేదు.

"ఈ శేషం విడవను," అంది.

పైన అద్దాల గదిలోంచి శాలాధికారి సుదర్శనరావు గొంతు మైకులో వినిపించింది.

"మందాకిని గారూ, ఏమిటి ఆలస్యం? సున్నా వేయండి."

"సున్నా కాదు సార్. నూటికి ఒకటుంది."

"గణకం సున్నా అంటోంది కదండీ."

"మనం నేర్పిందే అంటోంది సార్. అవకాశం సున్నా అయితేనే బరి అక్కర్లేదని నియమం. లేకపోతే తెరవాలి."

సుదర్శనరావు చెడ్డవాడేమీ కాదు. సాయంత్రంలోపు తేలాల్సిన జతలు బయట వీధి చివరిదాకా బారు తీరి ఉన్నాయి, అదీ ఆయన బాధ.

"నూటికి ఒకటి కోసం బరి తెరిస్తే రేపటినుంచి ప్రతివాడూ అడుగుతాడమ్మా."

"అడగనివ్వండి సార్."

మందాకిని మెట్టు దిగి నూకరత్నం దగ్గరికి వచ్చి గొంతు తగ్గించింది. "చూడండమ్మా, కరిగితే నొప్పి తెలియదు. బరిలో అయితే దెబ్బలు తగుల్తాయి. నూటికి తొంభై తొమ్మిది సార్లు ఓడిపోయేదే. మీరు వద్దంటే ఇక్కడితో ఆపేస్తాను."

నూకరత్నం ఉడుం గడ్డం కింద వేలితో గీరింది. "ఎలాగూ పోయేదేనని మీరే అంటున్నారు కదండి. పుట్టిన కాణ్ణించి పోరాటానికని పెంచానండి దీన్ని. ఒక్కర్నైనా కరిచింది లేదు. ఒక్కసారి కరవనివ్వండి."

మందాకిని వెనక్కి తిరిగి బరి తెరిచే మీట నొక్కింది. అది బిగుసుకుపోయి ఉంది. రెండు చేతులతో, ఒంట్లో బలమంతా పెట్టి నొక్కితే కదిలింది.

బరి తలుపు కీచుమంటూ లేచింది. ఎవరూ చెప్పకుండానే బెంచీల మీదనుంచి జనం దూకి కుర్చీలు బయటికి విసిరేశారు, క్యాన్లు దొర్లించారు. శేషుకుమార్ కూడా చొక్కా చేతులు మడిచి రెండు క్యాన్లు మోశాడు. దుమ్ము లేచి తుమ్ములు వచ్చినా ఒక్కరూ కూర్చోలేదు. బరి కమ్మీల చుట్టూ ఒకరి మీద ఒకరు పడి నిలబడ్డారు.

గంగులు నేల మీద పాకుతూ వెళ్ళింది. భూపతి ఎదురుగా నిలబడి, ఏం చేయాలో తోచనట్టు యజమాని వైపు చూసింది. పాపం, దానికీ ఇది కొత్తే.

గంగులు కరిచింది. దున్న ముందుకాలు పట్టుకుని ఊగిపోయింది. నూరులోంచి పాతిక పోయింది. కమ్మీల దగ్గర పుట్టిన అరుపు మందాకిని ఇంతవరకు ఎరగనిది. అందులో అంకె లేదు.

దున్న ఉలిక్కిపడి కుమ్మింది. మొదటి కుమ్ము కావడంతో కొమ్ము సరిగా ఆనలేదు. ముప్ఫై ఒకటి.

"ముప్ఫై ఒకటే!" మందాకిని అరిచింది, తూకందారు అరవకూడదని మరిచిపోయి.

రెండో కాటు. రెండో కుమ్ము. ముప్ఫై రెండు.

పలక దగ్గరికి పరిగెత్తింది. గంగులుకి ఇంకా ముప్ఫై మూడుంది. మూడో కుమ్ము ముప్ఫై ఒకటో ముప్ఫై రెండో పడితే బతుకుతుంది. పదికి రెండు. సున్నా ఉండాల్సిన చోట పెద్దగా రెండు వేసింది. అది చూసి జనం పిచ్చెత్తినట్టు ఊగిపోయారు. అద్దాల గదిలోంచి సుదర్శనరావు మెట్లు దిగి, కళ్ళజోడు తుడుచుకుంటూ కమ్మీల దగ్గరికి వచ్చి నిలబడ్డాడు.

మూడో కాటు. దున్నకి పాతికే మిగిలింది. దాని మోకాళ్ళు వణుకుతున్నాయి.

"గంగులూ, పట్టు వదలకే," అంది నూకరత్నం. అరవలేదు, పక్కనున్న మనిషితో అన్నట్టు అంది.

భూపతి తల వంచి కుమ్మింది.

ముప్ఫై మూడు.

ఒక్క అంకె. గంగులు పట్టు వదలకుండానే రవ్వలుగా విడిపోయింది. దాని పళ్ళు దిగిన చోట దున్న కాలి మీద వెలుగు కాసేపు నిలిచి, తర్వాత లోపలికి ఇంకింది.

ఎవరూ ఈల వేయలేదు. మందాకినికి కళ్ళు మసకబారాయి. లెక్క చెప్పినదే జరిగింది. తను చేసిందల్లా ఆ ముసలి ప్రాణికి మూడు దెబ్బలు తగిలేలా చేయడమే కదా అనిపించి, నూకరత్నం ఎదుటికి వెళ్ళడానికి కాళ్ళు రాలేదు. నూకరత్నమే వచ్చింది. చెంపలు తడిసి ఉన్నాయి, మెడ మాత్రం నిటారుగా ఉంది.

"మా గంగుల్ని ఓడించింది ఆ దున్నండి," అంది. "మీ సున్నా కాదు. అదే చాలండి నాకు."

సుదర్శనరావు గొంతు సవరించుకున్నాడు. "సరే, అయిపోయింది. గణకం చెప్పిందే నిజమైంది, అందరూ చూశారు. మందాకిని గారూ, తర్వాతి లెక్క మొదలుపెట్టండి. శేషుకుమార్, నీ దున్నకి ఇంకో జతుంది కదయ్యా. మంచుకొంగ. గణకం అప్పుడే తేల్చేసింది, నీకు పదికి పది. వచ్చి గూడు పట్టుకో."

శేషుకుమార్ కదలలేదు. బరిలో దున్న ముందు మోకాళ్ళ మీద కూర్చుని, గంగులు కరిచిన చోట అరచేయి ఆనించి ఉన్నాడు. చూపుగాజులో కనబడే దానికి చేతి స్పర్శ తెలియదని అందరికీ తెలుసు. అయినా భూపతి తల దించి అతని భుజానికి ఆనించింది.

"పది వద్దండి," అన్నాడు. "దీని ప్రాణం కోలుకునేదాకా ఆగి, ఆ కొంగతో కూడా బరిలోనే దింపండి."

"చేతిలో ఉన్న గెలుపు ఎవడైనా పారేసుకుంటాడా?"

"ఇది ఇరవై ఒకటో గెలుపని పలక మీద ఉంటుంది సార్." అతని మొహం వెలిగిపోతోంది. "నా దున్న గెలవడం నేను చూసింది ఇవాళే."

మందాకిని పలక వైపు తిరగలేదు. కమ్మీల దగ్గర జనం ఒకరినొకరు తోసుకుంటూ మంచుకొంగ యజమానికి దారి ఇస్తున్నారు. ఆ అమ్మాయి గూడుని రెండు చేతుల్లో పట్టుకుని, తను వచ్చింది పదికి సున్నా అనిపించుకోవడానికన్న సంగతే మరిచిపోయి, బరిలోకి దారి ఎటని అడుగుతోంది.