యాహెయి తల

యుద్ధం అయిన మర్నాడు పొద్దున్న కోట వెనక వసారాలో ఆడవాళ్లు తెగిన శత్రువుల తలలు కడుగుతున్నారు. గోరువెచ్చని నీళ్లు, దువ్వెనలు, పౌడరు వాసన. దాని అడుగున నెత్తురు కంపు.

బంటు గెంగో తన మూట విప్పి, ఒక తల బయటికి తీసి గొణిగాడు. “ఒకినె పిన్నీ, దీని పళ్లకి కాస్త నలుపు రాయవూ?”

నల్లపళ్లంటే పెద్దింటి వీరుడని గుర్తు. అలాంటి తల తెచ్చినవాడికి పొలం, పేరు. మామూలు బంటు తల ఎవడిక్కావాలి?

“పసిముఖం! ఎవర్రా ఇతను?”

“శత్రువు.”

అబద్ధం. అది యాహెయి తల. ఇద్దరూ చిన్నప్పటి నుంచి ఒకే కుండలో అన్నం తిన్నారు. నిన్న పొగమంచులో అడుగుల చప్పుడు విని, శత్రువనుకుని గెంగో ఈటెతో పొడిచేశాడు. దగ్గరికెళ్లి చూస్తే యాహెయి! అప్పుడైనా గుండె బాదుకుని ఏడవాల్సింది. ఏం చేశాడు? తల కోసి గుడ్డలో కట్టుకున్నాడు. ఛీ, వాడి బతుకు!

తెర కట్టిన మైదానంలో తలలన్నీ బల్లల మీద వరసగా పెట్టారు. దొర ఒక్కొక్కటే చూస్తూ వచ్చి యాహెయి తల ముందు ఆగి, దాని నల్లపళ్లు చూశాడు.

“భేష్! ఎలా కొట్టావోయ్?”

సిగ్గుతో గెంగో ఒళ్లంతా మండిపోయింది. ఇక వల్ల కాలేదు.

“దొరా... ఇతను మనవాడే. యాహెయి. నేనే... పొరపాటున...”

తల కళ్లు తెరిచింది.

“నమ్మకండి దొరా,” అంది మెల్లగా. “నేను అవతలి పక్షం వాణ్ణి. ఇతనే ఎదురుగా నిలబడి కొట్టాడు. మొహమాటస్థుడు, చెప్పుకోడు.”

ఒక్కరూ ఉలిక్కిపడలేదు. దొర పకపకా నవ్వాడు.

“చచ్చినవాడే చెబుతుంటే నీకేంటయ్యా? మరి ఆ యాహెయి ఏడీ?”

“పారిపోయాడు,” అంది తల. “నా కళ్లతో చూశాను.”

గెంగో చూపు నేలకి దిగిపోయింది. చిన్నప్పుడూ అంతే. తను కుండ పగలగొడితే దెబ్బలు యాహెయి తినేవాడు. ఒరేయ్ యాహెయీ, చచ్చాక కూడా ఎందుకురా... నన్నింకా చంపుతావు?

అంతలో కావలివాడి కేక.

“అదిగో! యాహెయి! పారిపోతున్నాడు!”

అందరూ తెర ఎత్తి చూశారు. వరిమడి బురదలో ఎవరో పరిగెడుతున్నారు. అదే కవచం. అదే ఎగుడుదిగుడు నడక. భుజాల దాకా యాహెయే. ఆ పైన... పొగమంచు.

“థూ! పిరికిపందా!” బంట్లంతా అరిచారు.

దొర గెంగో వైపు చూశాడు. నువ్వు మాట్లాడవేం అన్నట్టు.

“పిరికిపందా!” గెంగో అరిచాడు. అందరికంటే గట్టిగా.

మడిలో పరుగు ఆగింది. మొండెం మెల్లగా ఇటు తిరిగింది.