పనాస్ కొట్టని గంట

పొద్దు వాలుతుంటే పనాస్ పాకలో ఆవు పాలు పితుకుతున్నాడు. ముసలి ఒదార్క అప్పుడే పాలు పోయించుకున్న ముంత పట్టుకుని గుమ్మంలో చతికిలబడింది. ద్నీపర్ నది మీది ఆనకట్ట పేలి ఆ సాయంత్రానికి సరిగ్గా ఐదేళ్లు. నది లంకల్లో గడ్డి కోస్తున్న ఆడవాళ్లతో పాటు ఒదార్క కూతురు మోత్రియా కూడా కొట్టుకుపోయింది. మొత్తం ఎంతమంది పోయారో లెక్కపెట్టిన నాథుడు లేడు. పేల్చింది యుద్ధంలో వెనక్కి పోతున్న మన సైనికులేనని పైకి అనే దమ్మూ ఎవరికీ లేదు.

"నువ్వు పోసే పాలే లేకపోతే ఈపాటికి నేనూ మట్టిలో ఉండేదాన్ని. నా పాలిట దేవుడివిరా తమ్ముడూ!"

"ఊరుకో అక్కా!"

ఆ మాట విన్నప్పుడల్లా పనాస్ ఆవు డొక్క చాటుకి మొహం తిప్పుకునేవాడు. ఇవాళైనా చెప్పేయాలి. రోజూ అనుకుంటాడు, రోజూ నోరు పెగలదు.

ఖణ్...

పితికే చెయ్యి ఆగిపోయింది. పాల వాసన పోయి, గుప్పున ఒండ్రుమట్టి కంపు కొట్టింది.

ఖణ్... ఖణ్...

"ఒడ్డున గంట మోగుతోందేంట్రా?"

ఒడ్డున గంటెక్కడిది! ఆపదొస్తే కొట్టమని స్తంభానికి వేలాడదీసిన రైలు పట్టా ముక్కని స్తంభంతో సహా ఆ వరదే మింగేసింది. మిగిలింది ఆ రోజు ఒడ్డున కాపలా ఉన్న పనాస్ చేతి సుత్తి ఒక్కటే. దాన్ని ఈ పాక గోడకే తగిలించాడు. తలెత్తి చూశాడు.

మేకు ఖాళీగా ఉంది.

"అక్కా... నీళ్లు మీద పడేదాకా నాకు తెలీదన్నాను కదా... అబద్ధం. గుర్రం మీద సైనికుడొకడు ఆనకట్ట పేలిందని ముందే అరుచుకుంటూ పోయాడు. నేను... ముందు ఆవుని దిబ్బ ఎక్కించాను."

"ఆవునా?"

"యుద్ధానికి ముందొచ్చిన కరువులో ఆవు లేకే కదా నా ఇద్దరు పిల్లలూ పోయింది! దీన్ని కట్టేసి వచ్చి గంట కొడదాంలే అనుకున్నాను. వచ్చేసరికి..."

ఒదార్క ఆవు వైపు తిరిగింది.

"ఈ ఆవేనా?" గొణిగింది.

పనాస్ తలూపాడు.

ఆమె ముంతలోని పాలు గడ్డి మీద ఒంపేసి, ఏటివైపు నడిచింది.

"అటు పోకక్కా!"

"ఇన్నాళ్లకైనా ఎవరో కొడుతున్నారు. ఎవరో చూసొస్తా."

పరుగెత్తి ఆమె చెయ్యి పట్టుకోబోయాడు. అరచెయ్యి భగ్గున మండింది. రెండు చేతులూ చూసుకున్నాడు. రాత్రంతా సుత్తి కొట్టినట్టు బొబ్బలెక్కి... చిట్లి... నెత్తురు కారుతున్నాయి.

వెనక్కి తిరిగాడు. సుత్తి మళ్లీ మేకుకే ఉంది. దాన్నుంచి బురదనీళ్లు బొట్లు బొట్లుగా కారుతున్నాయి.

ఒడ్డున గంట మోగుతూనే ఉంది.